15 ఉండాల్సిన చోట 30 ఫ్యూజు: ఎండలో ఆగిపోతున్న కారు

ఖమ్మం జిల్లా నుంచి ఒక టీచరుగారు రాసిన ఉత్తరం ఇది. పదకొండేళ్ల పెట్రోలు హ్యాచ్‌బ్యాక్ కారు, సెకండ్ హ్యాండ్‌లో కొన్నది. లక్షా పది వేల కిలోమీటర్లు తిరిగింది. పాత యజమాని బయటి షాపులో సెక్యూరిటీ అలారం పెట్టించాడు. నాన్నగారికి వారానికి మూడు రోజులు ఖమ్మంలో డయాలసిస్. ఉదయం తీసుకెళ్లి మధ్యాహ్నం తీసుకురావడం ఈవిడ పనే. మార్చి చివర్లో ఒకరోజు కారు అసలు స్టార్ట్ కాలేదు. సెల్ఫ్ తిరుగుతోంది గానీ ఇంజిన్ అందుకోవడం లేదు. దగ్గర్లో ఉన్న ఎలక్ట్రీషియన్ వచ్చి, ఫ్యూయల్ పంపు ఫ్యూజు పోయిందని చూపించి, 15 యాంపులది చేతిలో లేదని ఆకుపచ్చ 30 పెట్టి వెళ్లాడు. ఆ ఫ్యూజు మళ్లీ పోలేదు. కానీ ఆ తర్వాత రెండుసార్లు మిట్టమధ్యాహ్నం కారు నడిరోడ్డు మీద ఆగిపోయింది. ముప్పావు గంట తర్వాత ఏమీ జరగనట్టు స్టార్ట్ అయింది. రెండోసారి డయాలసిస్ చేయించుకుని నీరసంగా ఉన్న నాన్నగారు వెనక సీట్లో ఉన్నారు. ఈమధ్య బానెట్ ఎత్తితే ఫ్యూజు బాక్సు దగ్గర కాలిన ప్లాస్టిక్ వాసన వస్తోంది.

ఇక సలహాలు. మెకానిక్ వీళ్లకి బాబాయి వరస. పంపు అసెంబ్లీ మొత్తం మార్చాలి, పదకొండు వేలవుతుందన్నాడు. ఎలక్ట్రీషియన్ పంపుకి డైరెక్ట్ వైరు లాగి డాష్‌బోర్డు కింద స్విచ్ పెడతానన్నాడు. బెంగళూరులో ఉన్న తమ్ముడు కారు అమ్మేయమంటున్నాడు. యూట్యూబులో చూస్తే రిలే (చిన్న కరెంటుతో పంపు కరెంటుని ఆన్, ఆఫ్ చేసే స్విచ్) మారిస్తే చాలంటున్నారు. "ఎవరి మాట వినాలి? రిలే నేనే మార్చుకోవచ్చా? బాబాయిని నొప్పించకుండా ఎలా ఆపాలి?" అని ఆవిడ ప్రశ్న. పోయిన పాత ఫ్యూజు డాష్‌బోర్డు అరలో దాచానని కూడా రాశారు. దాచడం మంచిదైంది.

సమాధానం:

ముందుగా ఈరోజే చేయాల్సినవి రెండున్నాయి. ఆ 30 ఫ్యూజు తీసేసి, మూత మీద రాసి ఉన్న 15 యాంపుల నీలం ఫ్యూజు పెట్టండి. ఈ సంగతి తేలేదాకా నాన్నగారిని డయాలసిస్‌కి ఈ కారులో తీసుకెళ్లకండి. వారం పది రోజులు తెలిసినవాళ్ల బండో, మాట్లాడుకున్న ఆటోనో ఏదో ఒకటి చూసుకోండి. సెషన్ తప్పిపోవడం గానీ, అది అయ్యాక ఎండలో గంటసేపు రోడ్డు మీద ఆగిపోవడం గానీ ఆయన ఒంటికి మంచిది కాదు. కారు సంగతి నిదానంగా చూసుకోవచ్చు.

30 ఫ్యూజు ఎందుకు తీయమంటున్నానంటే, ఫ్యూజు కాపాడేది పంపుని కాదు, వైరుని. మీ కారులో పంపుకి వెళ్లే వైరు మందాన్ని 15 యాంపుల ఫ్యూజుకి తగ్గట్టు కంపెనీ లెక్కగట్టింది. కరెంటు రెట్టింపైతే వైరులో పుట్టే వేడి నాలుగు రెట్లవుతుంది. 15 దగ్గర ఫ్యూజు తెగి ఆగాల్సిన కరెంటు ఇప్పుడు 30 దాకా ఆగకుండా పోగలదు. అప్పుడు ముందుగా కాగేది వైరూ, రిలే సాకెట్ లోపలి పిన్నులూ. మీ ముక్కుకి తగిలిన వాసన అదే అయ్యుండే అవకాశం ఎక్కువ. ఆ వైరు కార్పెట్ కిందుగా, వెనక సీటు కిందుగా పోయి పెట్రోలు ట్యాంకు దాకా వెళ్తుంది. అందుకే ఇందులో ఒక్కరోజు కూడా ఆలస్యం చేయొద్దంటున్నాను. 15 పెట్టాక అది మళ్లీ పోతే కంగారు పడకండి. మనకు కావాల్సిన ఆధారం దొరికినట్టే. పోయిన చోట రెండోది పెట్టకుండా ఆపేసి, కింద చెప్పబోయే పద్ధతిలో వెతకండి.

ఇప్పుడు మీ ఉత్తరంలో కలిసిపోయిన రెండు విషయాలను విడదీద్దాం. ఒకటి ఫ్యూజు పోవడం, రెండోది ఎండలో ఆగి, చల్లారాక స్టార్ట్ కావడం. ఫ్యూజు పోయిందంటే ఎక్కడో కరెంటు ఎక్కువ లాగింది. కారు ఆగిపోయిందంటే బహుశా పంపుకి ఎక్కడో కరెంటు అందలేదు, లేదా అందినా పంపు తిరగలేదు. రిలే పాడైతే మామూలుగా కరెంటు తెగిపోతుందే తప్ప, ఫ్యూజు పోయేంత కరెంటు లాగదు. కాబట్టి యూట్యూబులో చెప్పినట్టు ఒక్క రిలే మారిస్తే రెండో సమస్య పోవచ్చు గానీ, మొదటిది అలాగే ఉంటుంది. బాబాయి చెప్పినట్టు ఒక్క పంపే మారిస్తే, ఈపాటికే కాలిన సాకెట్ కొత్త పంపుని కూడా మధ్యాహ్నం ఆపేయొచ్చు. ఇద్దరి మాటలోనూ సగం నిజం ఉంది.

వరస బహుశా ఇలా నడిచి ఉంటుంది. వయసైపోయిన పంపో, ఒరుసుకుపోయిన వైరో ఎక్కువ కరెంటు లాగింది, 15 పోయింది. 30 పెట్టాక ఫ్యూజు నిలిచింది గానీ, ఆ ఎక్కువ కరెంటంతా రిలే గుండా పోతూ దాని కాంటాక్టులనీ (లోపల ఒకదానికొకటి కలిసే లోహపు ముక్కలనీ) సాకెట్‌నీ కాల్చింది. ఏప్రిల్ ఎండకి బానెట్ కింద వేడి తోడై, వదులైన పిన్ను దగ్గర కరెంటు తెగిపోతోంది. చల్లారాక మళ్లీ అతుక్కుంటోంది. ఇది నా ఊహే. సరిపోయే ఊహే అయినా, మీ జేబులోంచి పదకొండు వేలు తీయడానికి ఊహ చాలదు.

పైగా ఎండలో ఆగడానికి పంపుతో సంబంధం లేని కారణం ఒకటుంది: క్రాంక్ సెన్సర్. ఇంజిన్ తిరుగుతోందని ఈసీయూకి (ఇంజిన్‌ని నడిపించే కంప్యూటర్‌కి) చెప్పేది అదే. వేడెక్కితే కొన్ని పాత సెన్సర్లు సిగ్నల్ ఇవ్వడం మానేస్తాయి. ఇంజిన్ తిరగడం లేదనుకుని ఈసీయూ పంపు రిలేని ఆపేస్తుంది. చల్లారితే అంతా మామూలే. బయటినుంచి చూస్తే పంపు, రిలే, ఈ సెన్సర్ మూడూ ఒకేలా కనిపిస్తాయి. ఇక మీ సెక్యూరిటీ అలారం. బయట బిగించే అలారాలు చాలావరకు పంపు వైరునో ఇగ్నిషన్ వైరునో కోసి, మధ్యలో తమ రిలే ఒకటి పెడతాయి. జాయింట్లు మెలితిప్పి టేపు చుట్టినవైతే, ఏళ్లు గడిచాక ఆ టేపు జిగురు కరిగి వదులవుతుంది. ఎల్‌పీజీ, సీఎన్‌జీ కిట్లు పెట్టించుకున్న కార్లలోనూ ఇదే గొడవ. అందుకే స్టీరింగ్ కింద ఆ అలారం జాయింట్లను చూడకుండా పంపు మీద నేరం మోపకూడదు.

దారిలో ఆగినప్పుడే గమనించాల్సినవి కొన్నున్నాయి, ఎందుకంటే కారు చల్లారాక ఆధారాలన్నీ మాయమైపోతాయి. ఈసారి ఆగితే బండి పక్కకి తీసి, హజార్డ్ లైట్లు వేసి, వెనక ట్రయాంగిల్ పెట్టాక, కీ ఆఫ్ చేసి మళ్లీ ఆన్ చేయండి, సెల్ఫ్ కొట్టకండి. చెక్ ఇంజిన్ లైటు వెలుగుతోందా? వెలగకపోతే ఈసీయూకే కరెంటు లేదు. అది మెయిన్ రిలే వైపో, దాని ఫ్యూజు వైపో చూడాల్సిన కేసు. వెలిగితే వెనక సీటు దగ్గర చెవి పెట్టండి. కీ ఆన్ చేసిన వెంటనే రెండు మూడు సెకన్లు సన్నగా గుయ్యిమని మోగి ఆగిపోతే పంపు తిరుగుతున్నట్టు. కొన్ని పాత మోడళ్లలో సెల్ఫ్ కొట్టినప్పుడే మోగుతుంది. అందుకే మీ కారు చల్లగా, బాగున్నప్పుడు ఎలా మోగుతుందో ఇవాళే విని గుర్తుపెట్టుకోండి. తర్వాత సెల్ఫ్ కొడుతూ ఆర్‌పీఎం ముల్లు చూడండి. సెల్ఫ్ తిరుగుతున్నా ముల్లు సున్నా దగ్గరే కదలకుండా ఉంటే క్రాంక్ సెన్సర్‌ని గట్టిగా అనుమానించాలి. ముల్లు కొంచెం లేస్తూ పంపు చప్పుడు లేకపోతే అప్పుడు ఫ్యూజు, రిలే, వైరు, పంపు. పంపు మోగుతూ ఇంజిన్ అందుకోకపోతే ఫ్యూజు రిలేల జోలికి వెళ్లక్కర్లేదు. పెట్రోలు ప్రెషరూ, స్పార్కూ చూడాలి.

ఇంకో చిన్న పని. ఆగిన నిమిషంలోనే బానెట్ తెరిచి, పంపు రిలేని వేళ్లతో తాకి చూడండి. పక్కనున్న రిలేలకంటే బాగా కాలుతోందా? దాని నెత్తిన స్క్రూడ్రైవర్ పిడితో రెండుసార్లు మెల్లగా తట్టి కీ ఆన్ చేస్తే పంపు మోగిందా? మోగితే రిలే లోపల కాంటాక్టుల్లోనో సాకెట్‌లోనో లోపం ఉన్నట్టే. స్కానర్ ఉన్న షాపులో కోడ్లు చదివించుకోవడం కూడా మంచిదే. పీ0335 వస్తే క్రాంక్ సెన్సర్ సర్క్యూట్. పీ0230, పీ0627 వస్తే పంపు సర్క్యూట్. కోడు ఏదీ లేకపోయినంత మాత్రాన లోపం లేదనుకోకండి. రిలే కాంటాక్టు కాలిపోతే చాలా కార్లలో ఈసీయూకి ఆ సంగతే తెలియదు.

ఇంట్లో చేసుకోగలిగిన పనులకు వద్దాం. బండి నీడలో, గాలాడే చోట, బాగా చల్లారాక మొదలుపెట్టండి. కీ తీసేయండి. ఫ్యూజు బాక్సు మూత లోపలి బొమ్మలో ఫ్యూయల్ పంప్ అనిగానీ, ఎఫ్/పీ అనిగానీ రాసి ఉన్న ఫ్యూజునూ రిలేనూ గుర్తుపట్టండి. కొన్ని కార్లలో ఒకటి బానెట్ కింద, రెండోది డాష్‌బోర్డు కింద ఉంటాయి. బాక్సులోనే ఒక మూల చిన్న ప్లాస్టిక్ పట్టకారు ఉంటుంది, ఫ్యూజుని దానితోనే నిటారుగా లాగాలి. కట్టింగ్ ప్లయర్‌తో పట్టి ఊపితే పిన్ను సందు వెడల్పై, రేపు అదే వదులు కనెక్షనవుతుంది.

మీరు దాచిన ఆ నీలం ఫ్యూజుని వెలుతురుకి ఎత్తి చూడండి. లోపలి తీగ పెద్ద ఖాళీతో తెగి, ప్లాస్టిక్ మీద నల్లటి మసి చిందినట్టుంటే ఒక్కసారిగా షార్ట్ అయిందని అర్థం. వైరు బాడీకి తగిలి ఉంటుంది. మసి లేకుండా తీగ మధ్యలో సన్నగా కరిగి తెగితే చాలాసేపు కొంచెం ఎక్కువ కరెంటు పోయిందని అర్థం. అది పంపు బిగుసుకుంటోందనే మాటకి బలమిస్తుంది. తీగ బాగానే ఉండి ఒక కాలు దగ్గర ప్లాస్టిక్ గోధుమరంగుకి మారి కరిగితే, ఆ పిన్ను వదులై అక్కడే వేడి పుట్టింది. ఈ మూడింటిలో ఏదో చూస్తే వెతకాల్సిన చోటు సగానికి తగ్గిపోతుంది. కొత్త ఫ్యూజు కొనేటప్పుడు రంగూ అంకే కాదు, సైజు కూడా సరిపోవాలి. మామూలు, మినీ, లో ప్రొఫైల్ మినీ అని రకాలున్నాయి. పాతది పట్టుకెళ్లి చూపించి తీసుకోండి.

ఇప్పుడు రిలే. దాన్ని లాగి కిందివైపు కాళ్లు చూడండి. ఒక కాలు నీలిరంగుకో నలుపుకో తిరిగిందా, దాని చుట్టూ ప్లాస్టిక్ ఉబ్బిందా? సాకెట్‌లోనూ అదే రంధ్రం దగ్గర చూడండి. అలా ఉంటే ఇక రిలేకి పరీక్షలు అక్కర్లేదు, దానితోపాటు సాకెట్‌లోని ఆ టెర్మినల్ (కాలు దిగే లోహపు పిన్ను) కూడా మారాలి. శుభ్రంగా ఉంటే మార్పిడి పరీక్ష చేయండి. అదే బాక్సులో హారన్‌కో ఏసీకో, ఒంటి మీద అచ్చం అదే నంబరూ అదే కాళ్ల అమరికా ఉన్న రిలే తరచు ఉంటుంది. రెండింటినీ అటూ ఇటూ మార్చండి. హారన్ మోగకుండా పోయి పంపు మోగితే రిలే దొంగ దొరికినట్టే. కానీ మీ కారు చల్లగా ఉన్నప్పుడు ఎలాగూ స్టార్ట్ అవుతోంది. కాబట్టి మార్చిన వెంటనే స్టార్ట్ అయిందని సంబరపడకండి. అలా మార్చి ఉంచి, మధ్యాహ్నం ఊళ్లోనే, దూరం పోకుండా, ఏసీ వేసి గంటసేపు తిప్పాలి. అయినా ఆగితే రిలేకి నిర్దోషి అని రాసివ్వొచ్చు.

మల్టీమీటర్ ఉంటే రిలేని బల్ల మీద చూడొచ్చు. 85, 86 అని రాసిన కాళ్ల మధ్య లోపలి కాయిల్ ఉంటుంది. దాని రెసిస్టెన్స్ సాధారణంగా 60 నుంచి 120 ఓముల మధ్య రావాలి. 30, 87 మధ్య మామూలుగా కనెక్షన్ ఉండకూడదు. కాయిల్‌కి 12 వోల్టులిస్తే టిక్కుమని చప్పుడై అవి రెండూ కలవాలి. కొన్ని రిలేల్లో కాయిల్ పక్కన డయోడ్ ఉంటుంది. ఒంటి మీది బొమ్మలో బాణం గుర్తు కనిపిస్తే ప్లస్, మైనస్ తారుమారు చేయకండి. ఇక్కడ చాలామంది మోసపోయేది టిక్కు చప్పుడు దగ్గర. కాయిల్ బాగుండి టిక్కుమన్నా, లోపలి కాంటాక్టులు మాడిపోయి లోడు మోయలేకపోవచ్చు. నమ్మదగిన పరీక్ష ఏమిటంటే, పంపు తిరుగుతుండగా 30, 87 మధ్య వోల్టేజి కొలవడం. అది 0.2 వోల్టులకి మించకూడదు. ఒక వోల్టు కనిపిస్తే, అదంతా రిలేలో వేడిగా మారిపోతోందన్నమాట.

ఫ్యూజు పెట్టగానే పోతుంటే షార్ట్ ఎక్కడుందో విడదీసే పద్ధతి ఇది. రిలే తీసేసి కొత్త 15 ఫ్యూజు పెట్టి కీ ఆన్ చేయండి. రిలే లేకుండానే పోతే లోపం ఫ్యూజు బాక్సు చుట్టుపక్కలే ఉంది, లేదా అదే ఫ్యూజు మీద నడిచే ఇంకేదో పరికరంలో ఉంది. నిలిస్తే వెనక సీటు కింద పంపు కనెక్టర్ ఊడదీసి, రిలే తిరిగి పెట్టి కీ ఆన్ చేయండి. ఇప్పుడు పోతే రిలే నుంచి పంపు దాకా వెళ్లే వైరు ఎక్కడో బాడీకి తగులుతోంది. పోకపోతే పంపే. వైరు వెతికేటప్పుడు ఒక్కో ఫ్యూజు బలిపెట్టక్కర్లేదు. ఫ్యూజు ఉండాల్సిన రెండు పిన్నుల మధ్య ఒక హెడ్‌లైట్ బల్బు కలపమనండి. పంపు ఊడదీసి, రిలే బదులు సాకెట్‌లో 30, 87 కలిపి, కీ ఆన్‌లో ఉండగా బల్బు ఫుల్లుగా వెలిగితే షార్ట్ ఉంది. ఒకరు బల్బు చూస్తూ ఉంటే ఇంకొకరు వైర్ల కట్టను ఒక్కో చోట కదుపుతూ పోవాలి, ఎక్కడ ఆరిపోతే అక్కడే గాయం. ఎలుకలు కొరికిన వైర్లు ఎక్కువగా దొరికేది వెనక సీటు కింద, డోరు గుమ్మం పక్కనున్న ప్లాస్టిక్ పట్టీ కింద. ధాన్యం బస్తాలో మిరప బస్తాలో ఉన్న షెడ్డులో బండి పెడుతుంటే అక్కడ తప్పకుండా చూడండి.

ఇక పంపు దోషో కాదో తేల్చే పరీక్ష. బాబాయి చేత ఇది చేయించండి, మీరు సొంతంగా చేయొద్దు. రిలే తీసేసి, సాకెట్‌లో 30, 87 రంధ్రాల మధ్య 15 యాంపుల ఫ్యూజు ఉన్న తీగ ఒకటి కలిపి కీ ఆన్ చేస్తే పంపు ఆగకుండా తిరుగుతుంది. ఆ తీగ చుట్టూ డీసీ కొలిచే క్లాంప్ మీటర్ పెడితే పంపు ఎన్ని యాంపులు లాగుతోందో కనిపిస్తుంది. ఏసీ కరెంటు (ఇళ్లలో వచ్చే రకం) మాత్రమే కొలిచే క్లాంపు ఇక్కడ పనికిరాదు. మల్టీమీటర్‌నే వరసలో పెట్టేట్టయితే దాని 10 యాంపుల రంధ్రం వాడాలి. చవక మీటర్లలో ఆ రంధ్రానికి ఫ్యూజు ఉండదు, కాబట్టి తీగలో ఫ్యూజు తప్పనిసరి. ఒక జాగ్రత్త మరీ ముఖ్యం. రిలేని తిరగేసి అంకెలు చదివితే కుడి ఎడమలు తారుమారవుతాయి. పొరపాటున 85, 86 రంధ్రాల్లో తీగ పెడితే ఈసీయూకే దెబ్బ తగలొచ్చు. అంత ఖరీదైన పొరపాటు ఈ పనిలో ఇంకోటి లేదు.

మీలాంటి చిన్న పెట్రోలు కారులో మంచి పంపు సుమారు 4 నుంచి 7 యాంపులు లాగుతుంది. తొమ్మిదీ పదీ చూపిస్తే పంపు బిగుసుకుంటోంది, లేదా ఫిల్టరు మూసుకుపోయి భారం పెరిగింది. రెండుకి పడిపోతే వైరులోనో ఎర్త్‌లోనో అడ్డం ఉంది, లేదా పంపు పెట్రోలు లాగకుండా వట్టిగా తిరుగుతోంది. మీటరు రీడింగు నిలకడగా కాకుండా ఎగిరెగిరి పడుతుంటే లోపలి బ్రష్షులు అరిగిపోయాయి. అదే సమయంలో పంపు కనెక్టర్ దగ్గర వోల్టేజి కొలిస్తే బ్యాటరీ దగ్గర ఉన్నదానికి అర వోల్టుకి మించి తేడా ఉండకూడదు. పంపు ఎర్త్ వైరుకీ బ్యాటరీ మైనస్‌కీ మధ్య 0.2 వోల్టు దాటకూడదు. దాటితే ముందు ఎర్త్ బోల్టు గీకి బిగించడం, తర్వాతే పంపు మాట.

ఇప్పుడు బాబాయి సంగతి. ఆయన మిమ్మల్ని మోసం చేస్తున్నాడని నేననుకోవడం లేదు. లక్ష దాటిన కారులో పంపు అనుమానించడం అనుభవం ఉన్న మెకానిక్ చేసే పనే. దారిలో మళ్లీ ఆగితే మాట పడాల్సింది తనే కాబట్టి మొత్తం మార్చేద్దామంటాడు. కాబట్టి వద్దనకండి, వాయిదా అడగండి. "బాబాయ్, పంపు మారుద్దాం. మార్చే ముందు అది ఎన్ని యాంపులు లాగుతోందో నాకోసారి చూపించు. తొమ్మిది దాటితే ఇవాళే ఆర్డరు పెట్టేద్దాం" అనండి. కొలిచినందుకు మజూరీ విడిగా ఇస్తానని మీరే ముందు చెప్పండి, వరస ఉన్న చోట అది ఆయన నోటితో అడగలేడు. ఆయన దగ్గర డీసీ క్లాంపు లేకపోతే మంచి ఆటో ఎలక్ట్రీషియన్‌ని ఆయన షెడ్డుకే పిలిపించి ఇద్దరి ముందూ కొలిపించండి. ఆయన్ని దాటి వెళ్లినట్టూ ఉండదు, కాలిన సాకెట్ బాగుచేయడానికి ఆ ఎలక్ట్రీషియన్ ఎలాగూ కావాలి.

పంపు మార్చాల్సే వస్తే ట్యాంకులో పెట్రోలు సగానికంటే తక్కువ ఉన్న రోజు పెట్టుకోండి. ముందు రిలే తీసి ఇంజిన్ స్టార్ట్ చేసి తనంతట తాను ఆగిపోనివ్వాలి, అప్పుడు పైపులో ప్రెషరు తగ్గుతుంది. తర్వాత బ్యాటరీ మైనస్ ఊడదీసి పని మొదలుపెట్టాలి. మూత కింది రబ్బరు రింగు కొత్తది వేయమనండి. పంపు కనెక్టర్ పిన్నులు మాడి ఉంటే ఆ కనెక్టర్ కూడా మార్చాలి. కొన్ని మోడళ్లలో మోటారు, జల్లెడ విడిగా దొరుకుతాయి. అసెంబ్లీలో మిగతాదంతా బాగుంటే ఖర్చు బాగా తగ్గుతుంది. కాకపోతే విడి మోటారు బిగింపులో ఓపిక కావాలి, పైపు జాయింటు సరిగా కూర్చోకపోతే ప్రెషరు లోపలే కారిపోతుంది.

డైరెక్ట్ స్విచ్ మాటకి మాత్రం ఒప్పుకోకండి. కారు గుద్దుకుని ఇంజిన్ ఆగిపోతే, ఇంజిన్ తిరగడం లేదని గ్రహించి ఈసీయూ రిలే ద్వారా పంపుని ఆపేస్తుంది. స్విచ్ మీద నడిచే పంపుకి ఆ సంగతి తెలియదు. పైపు తెగి ఉంటే పెట్రోలు చిమ్ముతూనే ఉంటుంది. స్విచ్ ఆపడం మరిచిపోతే బ్యాటరీ దిగిపోవడం, పంపు తొందరగా అరిగిపోవడం ఎలాగూ ఉన్నాయి. ఆయన స్విచ్ పెడితే కారు ఆగకపోవచ్చు కూడా, కానీ ఎక్కువ కరెంటు లాగుతున్న చోటు అలాగే దాక్కుని ఉంటుంది. దారిలో ఇరుక్కున్నప్పుడు, తెలిసినవాళ్లు 15 ఫ్యూజు ఉన్న తీగతో 30, 87 కలిపి ఇంటిదాకా తెచ్చుకోవడం వేరు. అది ఆ ఒక్క ప్రయాణానికే. బండి ఆపగానే తీగ తీసేయాలి.

తమ్ముడు చెప్పిన అమ్మకం గురించి. ఇంజిన్, గేరు బాక్సు బాగుంటే ఈ ఒక్క లోపం కోసం అమ్మక్కర్లేదు. నడిరోడ్డు మీద ఆగిపోయే కారుకి ఎవరూ సరైన ధర ఇవ్వరు, దాచి అమ్మితే మీలాగే ఇంకొకరు ఇంట్లో పేషెంటుతో రోడ్డు మీద ఇరుక్కుంటారు. కానీ వెతికినప్పుడు వైరింగ్ కట్ట అంతా ఎలుకలు కొరికేసి ఉన్నా, రిలే అనేది ఫ్యూజు బాక్సు బోర్డులోనే అతికి ఉండి విడిగా మారని రకమై బాక్సు మొత్తం కొనాల్సి వచ్చినా, అప్పుడు తమ్ముడి మాట లెక్కలోకి తీసుకోండి. ముందు బాగుచేయించి, ఆ బిల్లు చూపించి అమ్మితే మర్యాదా దక్కుతుంది, ధరా వస్తుంది.

రిలే కొనేటప్పుడు పాతది వెంట తీసుకెళ్లి నంబరు కలిపి చూసుకోండి. కొన్ని వందల రూపాయల వస్తువు, ఇక్కడ చవక చూడొద్దు. ఒకేలా కనిపించే నాలుగు కాళ్ల రిలేల్లో కూడా 30, 86 స్థానాలు తారుమారుగా ఉండే రెండు రకాలున్నాయి. సాకెట్‌లో చక్కగా దిగుతుంది గానీ సర్క్యూట్ తప్పుతుంది. సాకెట్ టెర్మినల్ కాలి ఉంటే దాన్ని సాండ్ పేపరుతో రుద్ది మళ్లీ వాడనివ్వకండి. పైనున్న పూత పోయి కొన్నాళ్లకే మళ్లీ కాలుతుంది. కాలిన చోటు దాటి వైరు కోసి, అదే కొలత కొత్త టెర్మినల్ క్రింప్ చేయాలి, అంటే నొక్కి బిగించాలి. వైరు తోలు గట్టిపడి విరుగుతుంటే ఇంకొంచెం వెనక్కి కోయాలి. అలారం వాడటం లేదంటే ఆ జాయింట్లన్నీ తీయించి అసలు వైరుని కలిపించేయండి.

అంతా అయ్యాక 15 ఫ్యూజు మీద నాలుగైదు మధ్యాహ్నాలు ఊళ్లోనే తిప్పి, బండి ఆపిన ప్రతిసారీ రిలే మీద చెయ్యి వేసి చూడండి. వెచ్చగా ఉండొచ్చు, చెయ్యి పెట్టలేనంత కాలకూడదు. ట్యాంకు పావుకంటే తగ్గనివ్వకండి, లోపలి పంపుని చల్లబరిచేది చుట్టూ ఉన్న పెట్రోలే. డాష్‌బోర్డు అరలో 15 ఫ్యూజులు రెండు, అదే నంబరు రిలే ఒకటి పెట్టుకుని అప్పుడు నాన్నగారిని ఎక్కించుకోండి. ఇంత చేశాక కూడా నీలం ఫ్యూజు మళ్లీ పోయిందంటే, రెండోది పెట్టి చూసే ముందు బాబాయికి ఫోన్ చేసి, వెనక సీటు ఎత్తి ఆ వైరుని చివరిదాకా చేత్తో తడిమి చూడమనండి.